మతం వదిలితేనే హక్కులా? విజయనగరం నుంచి ఒక లాయరమ్మ జవాబు

ముందుగా మీ ప్రశ్న నాకు అర్థమైనంత వరకు చెప్తాను. మీరు ఎచ్చెర్లలో పీజీ చదువుతున్నారు. మీ హాస్టల్ రూమ్మేట్ శ్రీకాకుళం టౌన్ ముస్లిం అమ్మాయి, ఆమెకు పెళ్ళి కుదిరింది. పోయిన ఏడాది వాళ్ళ ఖాలాను, అంటే తల్లి చెల్లెల్ని, భర్త ఫోన్‌లో మూడుసార్లు తలాక్ అని చెప్పి వదిలేశాడు. ఆ టెన్షన్‌తో మీ స్నేహితురాలికి నిద్ర పట్టడం లేదు. ఈలోగా మీ సెమినార్‌లో ఒకాయన "ఇస్లాంలో స్త్రీవాదం అనేది కుదరదు, ఆ ఆడవాళ్ళు మతం వదిలితేనే బాగుపడతారు" అన్నాడు. ఇంకొకాయన లేచి "మా మతం 1400 ఏళ్ళ కిందటే అన్ని హక్కులూ ఇచ్చేసింది, మాకు ఫెమినిజం అక్కర్లేదు" అన్నాడు. మీ స్నేహితురాలు నోరు విప్పలేదు. ఈ ఇద్దరిలో ఎవరి మాట నిజం అని అడుగుతున్నారు.

నేను విజయనగరంలో ఇరవై ఆరేళ్ళుగా లాయర్ని. ముస్లింని. ఐదుపూటలా నమాజు చేస్తాను, ఆ తర్వాత కోర్టుకు వెళ్ళి భరణం పిటిషన్లు వాదిస్తాను. ఆ ఇద్దరి మాటా తప్పే అని నా అనుభవం. అమ్మా, నాకు అన్నిటికన్నా బాధ కలిగించింది మీరు మధ్యలో రాసిన ఆ చిన్న వాక్యం: మీ స్నేహితురాలు నోరు విప్పలేదు. ఆమె గురించి ఇద్దరు మగవాళ్ళు తేల్చేస్తుంటే ఆమె ఎదురుగానే కూర్చుని ఉంది.

ముందు ఖాలా సంగతి, ఎందుకంటే అది ఆగే విషయం కాదు. ఫోన్‌లో, వాట్సాప్‌లో, ఉత్తరంలో, ఎదురుగా నిలబడి, ఎలా చెప్పినా సరే, ఒక్క ఊపున మూడుసార్లు చెప్పిన తలాక్ చెల్లదు. ఆవిడ ఇంకా అతని భార్యే. 2017 ఆగస్టు 22న సుప్రీంకోర్టు ఆ పద్ధతిని కొట్టేసింది. 2019లో వచ్చిన చట్టం ప్రకారం అలా చెప్పడం నేరం, మూడేళ్ళ దాకా జైలు పడవచ్చు. ఆ చట్టంలోనే ఆవిడకూ పిల్లలకూ జీవనభృతి అడిగే హక్కు ఉంది, చిన్నపిల్లల్ని తన దగ్గర ఉంచుకునే హక్కు ఉంది. ఫోన్ రికార్డింగ్ ఉంటే జాగ్రత్త చెయ్యమనండి. మెసేజ్ ఉంటే తేదీ కనపడేలా ఫొటో తీయించండి. లాయర్ ఫీజు గురించి భయపడొద్దు. ఆడవాళ్ళెవరికైనా, ఆదాయంతో పని లేకుండా, జిల్లా న్యాయ సేవాధికార సంస్థ ఉచితంగా లాయర్ని ఇస్తుంది. 15100కి ఫోన్ చేస్తే దారి చెబుతారు.

ఆ 2017 తీర్పు దగ్గర కాసేపు ఆగుతాను. మీ ప్రశ్నకు సగం జవాబు అందులోనే ఉంది. కేసు వేసినావిడ షాయరా బానో, ఉత్తరాఖండ్‌లోని కాశీపూర్. 2015లో భర్త ఉత్తరంలో తలాక్ రాసి పంపాడు. ఐదుగురు జడ్జీల్లో ముగ్గురు ఆమె వైపు, ఇద్దరు అటు. ఆ ముగ్గురూ ఒకే కారణం చెప్పలేదు. ఇద్దరు రాజ్యాంగం తీసి, ఇష్టం వచ్చినట్టు పెళ్ళి తెంచెయ్యడం సమానత్వ హక్కుకు విరుద్ధం అన్నారు. మూడో జడ్జి కురియన్ జోసెఫ్ ఖురాన్ తీసి, ఖురాన్‌లో తలాక్‌కు ముందు రాజీ ప్రయత్నం ఉండాలని ఉంది, ఇలాంటి తలాక్ ఖురాన్‌కే విరుద్ధం, కాబట్టి చెల్లదు అన్నారు. రాజ్యాంగం ఒక్కటే అయితే ఇద్దరే. ఖురాన్ ఒక్కటే అయితే ఒక్కరే. రెండు తలుపులూ తెరుచుకుంటేనే ఆవిడ బయటపడింది. నేను ఇరవై ఆరేళ్ళుగా ఆడవాళ్ళకు చెప్తున్నది ఇదే. దీన్, అంటే మతం, కావాలా, హక్కు కావాలా అని ఎవరైనా నిలదీస్తే, ఆ బేరానికి ఒప్పుకోవద్దు. రెండు తలుపులూ కొట్టండి.

"మతం వదిలితేనే" అన్నాయనకు నేను చెప్పే సంగతి ఇంకొకటి ఉంది. ఒకప్పుడు మన దేశంలో కొందరు ముస్లిం స్త్రీలు నిజంగానే మతం వదిలారు. విశ్వాసం పోయి కాదు, భర్త నుంచి విడుదల కోసం. బ్రిటిష్ కాలం కోర్టుల్లో నడిచిన హనఫీ పద్ధతిలో, అంటే ఇస్లాం న్యాయశాస్త్రంలోని ఒక శాఖలో, భార్యకు బయటపడే దారి దాదాపు లేదు. భర్త దేశాలు పట్టిపోయి కబురు లేకపోతే, అతని ఈడువాళ్ళంతా పోయేదాకా ఈమె ఎదురుచూడాలి. దిక్కులేక మతం మారితే నికా రద్దయ్యేది. ఇది చూసి కదిలింది ఎవరో బయటి సంస్కర్తలు కాదు. అష్రఫ్ అలీ థానవీ అనే పెద్ద మౌలానా. హనఫీలో దారి లేకపోతే మాలికీ అనే ఇంకో శాఖలో ఉంది కదా, అక్కడ నాలుగేళ్ళు చాలు కదా అని 1931లో గ్రంథం రాశారు. దాని వెనకాలే 1939లో ముస్లిం వివాహాల రద్దు చట్టం వచ్చింది. భర్త నాలుగేళ్ళు ఆచూకీ లేకపోయినా, రెండేళ్ళు పోషించకపోయినా, కొట్టినా, హింసించినా, ఇద్దరు భార్యలుండి సమానంగా చూడకపోయినా, భార్య కోర్టుకెళ్ళి విడాకులు తీసుకోవచ్చు. నేను ఈ రోజుకీ ఆ చట్టం కిందే పిటిషన్లు వేస్తున్నాను. ఆడవాళ్ళ కన్నీళ్ళు చూసి ఫిఖ్, అంటే మత న్యాయశాస్త్రం, తలుపు తెరిచిన మౌలానాలు మనకున్నారు. తెరవని వాళ్ళూ ఉన్నారు. ఎవరి పేరు పైకి చెప్పుకుంటామన్నది మన చేతిలో ఉంది.

ఇక రెండో ఆయన మాట. "అన్నీ ఇచ్చేసింది." ఇచ్చింది ఎక్కడికి పోయిందో చెప్తాను.

నా దగ్గరికి వచ్చిన తొలి కేసుల్లో ఒకటి. బొబ్బిలి వైపు నుంచి తండ్రీ కూతురూ వచ్చారు. తండ్రి సైకిల్ షాపు. కూతురికి ఇరవై మూడేళ్ళు, చంకలో పిల్లాడు. పాల కవరు కడిగి ఆరబెట్టి అందులో కాగితాలు మడిచి తెచ్చింది. నికానామా, అంటే పెళ్ళి ఒప్పంద పత్రం, విప్పి చూశాను. మెహర్, అంటే పెళ్ళికొడుకు పెళ్ళికూతురికి ఇవ్వాల్సిన సొమ్ము, అన్న చోట 786 రూపాయలు. "మరి మీరేం ఇచ్చారు?" అంటే తండ్రి వేళ్ళు మడిచి లెక్కపెట్టాడు: నగదు లక్షన్నర, బండి, మంచం, బీరువా, అల్లుడికి ఉంగరం. దీనికి ఒక్క రసీదు లేదు. అంటే దీన్ చెప్పింది, ఆమెకు ఇవ్వాల్సింది, కాగితం మీద 786గా మిగిలింది. దీన్‌లో ఎక్కడా లేనిది, మన ఇరుగుపొరుగుల్ని చూసి నేర్చుకున్నది, లక్షన్నరై చేతులు మారింది. ఆ అమ్మాయి "నాకేటీ వొద్దు ప్లీడరమ్మా, పిల్లోడి పాలకి నెలనెలా ఇప్పించండి చాలు" అంది. నేను ఆ రాత్రి అన్నం తినలేకపోయాను.

మెహర్ అంటే ఏమిటో మన ప్రాంతంలో చాలామందికి తెలియదు, ముస్లింలకు కూడా. ఓలి లాంటిదనుకుంటారు. కాదు. ఓలి పుచ్చుకునేది పుట్టింటివాళ్ళు. కన్యాశుల్కం పుచ్చుకునేది తండ్రి. మెహర్ పెళ్ళికూతురి సొంతం. ఖురాన్ నాలుగో సూరా, అంటే అధ్యాయం, దాని పేరే అన్నిసా, స్త్రీలు అని, అందులో ఆడవాళ్ళకు వాళ్ళ మెహర్ సంతోషంగా ఇచ్చెయ్యండి అని ఉంది. తండ్రి ముట్టుకోకూడదు, భర్త తిరిగి లాక్కోకూడదు. అది ఆమె పెట్టుబడి, ఆమె ధైర్యం. అలాంటిదాన్ని మనవాళ్ళు 786 అనే శుభాంకెగా మార్చేశారు.

కన్యాశుల్కం మాట వచ్చింది కాబట్టి ఒకటి అడుగుతాను. విజయనగరం ఏలిన ఆనంద గజపతి మహారాజు ఆ రోజుల్లో విశాఖపట్నం జిల్లాలో బ్రాహ్మణ కుటుంబాల్లో జరిగిన శుల్కం పెళ్ళిళ్ళ లెక్క తీయించారు. మూడేళ్ళలో 1034 అని తేలింది. 1892లో గురజాడ గారి కన్యాశుల్కం నాటకం మా ఊళ్ళోనే మొదట ఆడారు. పసిపిల్లల్ని ముసలివాళ్ళకు అమ్ముతున్నారని తెలిసిన ఆ రోజున, గురజాడ గారు ఆ పిల్లల్ని "ముందు మీ మతం వదలండి, తర్వాత మాట్లాడదాం" అన్నారా? అనలేదు కదా. లోపలివాళ్ళే సిగ్గుపడి, లోపలినుంచే గొంతెత్తారు. ముస్లిం అమ్మాయి విషయంలో మాత్రం కొలత ఎందుకు మారాలి?

మారకూడదని అడిగిన ముస్లిం స్త్రీలు ఇవాళ పుట్టినవాళ్ళు కాదు. బెంగాల్‌లో రొకేయా సఖావత్ హుస్సేన్ 1880లో పుట్టారు. ఇంట్లో బెంగాలీ, ఇంగ్లీషు ఆడపిల్లలకు నిషేధం. రాత్రి అందరూ పడుకున్నాక అన్నగారు చదువు చెప్పేవారు. 1905లో ఆవిడ ఒక కథ రాశారు. అందులో ఆడవాళ్ళు రాజ్యం ఏలుతుంటారు, మగవాళ్ళు పరదాలో ఉంటారు. అచ్చయింది ఎక్కడనుకున్నారు? మద్రాసులో వచ్చే ఒక స్త్రీల పత్రికలో. అప్పుడు మన విజయనగరం, శ్రీకాకుళం కూడా మద్రాసు ప్రెసిడెన్సీలోవే. భర్త పోయాక 1911లో కలకత్తాలో ఎనిమిది మంది పిల్లలతో బడి పెట్టారు. పిల్లల్ని పంపమని ఇల్లిల్లూ తిరిగి బతిమాలారు. పరదా పోతుందని తల్లులు భయపడితే బండికి తెరలు కట్టించి మరీ తెచ్చుకున్నారు. పరదాను తిడుతూనే, పిల్ల బడికి రావడం కోసం పరదా కట్టిన బండి నడిపిన మనిషి ఆవిడ. నాకు గురువు అంటే ఆవిడే.

"ముస్లిం సమాజాలు" అని ఒకే మాటతో చుట్టేస్తారు గానీ, మొరాకో నుంచి ఇండోనేషియా దాకా ఒకే ఖురాన్, వేర్వేరు చట్టాలు. బహుభార్యత్వమే చూడండి. నలుగురి దాకా పెళ్ళాడవచ్చు, న్యాయం చెయ్యలేమని భయమైతే ఒక్కరే అని ఒక ఆయతులో, అంటే ఖురాన్ వాక్యంలో, ఉంది. మీరెంత కోరుకున్నా భార్యల మధ్య సమానంగా న్యాయం చెయ్యలేరు అని అదే సూరాలో తర్వాత ఉంది. ఈ రెండూ కలిపి చదివి, అంటే ఒక్కరే అని అర్థం కదా అని 1956లో ట్యునీషియా బహుభార్యత్వాన్ని నిషేధించింది. అవే ఆయతులు మన దేశంలో ఉన్నాయి, మన రాష్ట్రంలో ముస్లిం మగవాడు రెండో పెళ్ళి చేసుకుంటే ఇప్పటికీ నేరం కాదు. మొరాకోలో 2000 మార్చిలో ఒకే రోజు రెండు ఊరేగింపులు జరిగాయి. కుటుంబ చట్టం మార్చాలని రబాత్‌లో, మార్చొద్దని కాసాబ్లాంకాలో. రెండిట్లోనూ ఆడవాళ్ళున్నారు. నాలుగేళ్ళ తర్వాత చట్టం మారింది: పెళ్ళి వయసు 18, భార్య భర్తకు విధేయంగా ఉండి తీరాలన్న నిబంధన పోయింది. ఇండోనేషియాలో 2017లో మహిళా ఉలమాలు, అంటే మతశాస్త్రం చదివిన ఆడవాళ్ళు, చిరెబోన్‌లో పెద్ద సభ పెట్టి బాల్యవివాహాలకు వ్యతిరేకంగా ఫత్వా ఇచ్చారు. 2019లో అక్కడ అమ్మాయి పెళ్ళి వయసు 16 నుంచి 19కి పెరిగింది. ఫత్వా అనగానే భయపడే వాళ్ళకు ఈ సంగతి చెప్పండి.

అటువైపు అఫ్ఘానిస్తాన్ ఉంది. 2021 నుంచి అక్కడ ఆడపిల్ల ఆరో తరగతి దాటి బడికి వెళ్ళకూడదు. దాన్ని ఇస్లాం అంటే నా గుండె మండుతుంది. ఇంకే ముస్లిం దేశంలోనూ అలాంటి నిషేధం లేదు. అది తుపాకీ పట్టుకున్న మగవాళ్ళ ఆజ్ఞ. కానీ వాళ్ళు ఖురాన్ పేరే చెబుతున్నారు కాబట్టి, "అది మతం కాదు" అని మేం చేతులు దులుపుకుంటే సరిపోదు. ఖురాన్ చదివిన ప్రతి ముస్లిం ఇంటి నుంచీ కాదు అన్న మాట గట్టిగా రావాలి.

బురఖా గురించి ఎవరో ఒకరు అడుగుతారు, అందుకే రెండు ముక్కలు. మా అమ్మ చీర కొంగు తల మీద కప్పుకునేది, శ్రీకాకుళంలో ఆ తరం సాయిబుల ఇళ్ళలో చాలామంది అంతే. నేను కోర్టుకు నల్లకోటుతో వెళ్తాను. నా మేనకోడలు ఇంజనీరింగ్ చదువుతూ తనే ఇష్టపడి హిజాబ్ మొదలుపెట్టింది, మొదట్లో నాకు నచ్చలేదు, అది నా సమస్య అని తర్వాత అర్థమైంది. ఇరాన్‌లో 1936లో రాజు పోలీసుల్ని పెట్టి ఆడవాళ్ళ ముసుగు లాగించాడు. 1979 విప్లవం తర్వాత వచ్చినవాళ్ళు అదే ముసుగు చట్టం చేసి తొడిగారు. 2022లో మహ్సా అమీనీ అనే 22 ఏళ్ళ అమ్మాయి, తలముసుగు సరిగా లేదని పట్టుకెళ్ళాక చనిపోయింది. లాగడం, తొడగడం, రెండూ ఆడదాని తల మీద వేరేవాళ్ళ చెయ్యే. ఇంతకు మించి దాని గురించి రాయను, ఎందుకంటే నా ఆఫీసుకు వచ్చే ఆడవాళ్ళలో ఒక్కరు కూడా బురఖా కేసుతో రాలేదు. అందరూ భరణం, పిల్లలు, ఇల్లు, నగలు, వాటా అంటూ వచ్చారు.

వాటా అంటే మా ఇంటి సంగతే చెప్తాను. మా తాతకు గజపతినగరం దగ్గర మూడెకరాల పల్లం. తాత పోయేనాటికి ఆయన భార్య లేదు. ఇద్దరు మామయ్యలు, మా అమ్మ. షరియత్ లెక్కలో కొడుక్కి రెండు పాళ్ళు, కూతురికి ఒక పాలు. అంటే మా అమ్మకు ఐదింట ఒకటి, 60 సెంట్లు. చాలా రాష్ట్రాల్లో 1937 షరియత్ చట్టం వ్యవసాయ భూమిని బయట పెట్టింది, అక్కడ ఆడపిల్లకు అదీ దక్కేది కాదు. మన వైపు 1949లో మద్రాసు రాష్ట్రం చట్టం సవరించి పొలాన్ని కూడా చేర్చింది. కాబట్టి ఆ 60 సెంట్లు చట్టం ప్రకారం మా అమ్మవే. 1994లో పెద్దమామయ్య వచ్చి "సంతకం పెట్టడానికి రావాలి అక్కా" అన్నాడు. నేను అప్పుడు డిగ్రీ. అమ్మతో వెళ్ళాను. రిజిస్ట్రారు ఆఫీసు వరండాలో చెక్క బల్ల మీద కూర్చున్నాం. హక్కు విడుదల దస్తావేజు రాసి తెచ్చారు, ఎవరూ చదివి వినిపించలేదు. మా అమ్మకు తెలుగు రాయడం బాగా వచ్చు, చక్కటి గుండ్రటి అక్షరాలు. "వేలిముద్ర వేసెయ్యండి, తొందరగా అయిపోతుంది" అన్నాడు రాసినాయన. అమ్మ బొటనవేలు సిరాదిండు మీద పెట్టింది. బయటికొచ్చాక మామయ్య ఒక జాకెట్టుగుడ్డ, పావుకిలో కాజాలు చేతిలో పెట్టాడు. బస్సులో అమ్మ కొంగుతో ఆ వేలు తుడుచుకుంటూనే ఉంది. "అడిగితే పుట్టిల్లు పోతుంది కదే" అంది. నేను లా చదవడానికి కారణం ఆ వేలు.

ఖురాన్ ఇచ్చిన సగం వాటా కూడా దక్కనివ్వకుండా, "మా మతం అన్నీ ఇచ్చింది" అని మైకులో చెప్పడం నాకు కోపం తెప్పిస్తుంది. పక్కింటి హిందూ అక్కాచెల్లెళ్ళు కూడా అదే వరండాలో అదే దస్తావేజు మీద సంతకాలు పెడతారు, చట్టం వాళ్ళకు సమాన వాటా ఇచ్చినా సరే. కాబట్టి ఈ జబ్బు ఒక్క మతానిది కాదు. అయినా సగం సగమే. దాన్ని నేను దాచను. మగవాడు ఇల్లు పోషిస్తాడు, ఆడదాని సంపాదన ఆమెదే, అందుకే సగం అని ఉలమాలు చెబుతారు. మా వీధిలో కుట్టుమిషన్ తొక్కి ఇల్లు నడిపే ఆడవాళ్ళను చూస్తూ ఆ వాదన ఎలా ఒప్పుకోను? పోషించే బాధ్యత మారినప్పుడు వాటా కూడా మారాలని అడిగే హక్కు విశ్వాసికి ఉంది, నేను అడుగుతాను. అప్పటిదాకా దారులున్నాయి. తండ్రి బతికుండగా హిబా, అంటే దానపత్రం, రాసి, ఆస్తి కూతురికి స్వాధీనం చేస్తే, దానికి వాటాల లెక్క వర్తించదు. నోటిమాటగా ఇచ్చినా చెల్లుతుంది, కానీ నేను రిజిస్టరు చేయించమనే చెప్తాను, రేపు నోటిమాటకు సాక్షులు మిగలరు. కొడుకుల్లేకుండా ఇద్దరు కూతుళ్ళే ఉన్న ఇంట్లో ఇది మరీ ముఖ్యం. లేకపోతే వాళ్ళిద్దరికీ కలిపి మూడింట రెండు వంతులే, తల్లి వాటా పోగా మిగిలింది తండ్రి అన్నదమ్ములకు పోతుంది. అలా పోకుండా ఆస్తి కూతుళ్ళకే దక్కాలని 2023 మార్చి 8న కేరళలో ఒక ముస్లిం లాయర్, ఆయన భార్య, ఎప్పుడో నికా అయిన తమ పెళ్ళిని ప్రత్యేక వివాహ చట్టం కింద మళ్ళీ రిజిస్టర్ చేయించుకున్నారు. వాళ్ళకు ముగ్గురూ ఆడపిల్లలే.

భరణం సంగతిలో మన పెద్దలు ఇప్పటికీ ఒక అబద్ధం చెబుతున్నారు: "మనవాళ్ళకు ఇద్దత్ మూడు నెలలే." ఇద్దత్ అంటే విడాకుల తర్వాత ఆడది ఆగాల్సిన గడువు, భరణం ఆ గడువుకే అని వాళ్ళ లెక్క. 1985లో ఇండోర్‌కు చెందిన షాబానో అనే ముసలావిడ సుప్రీంకోర్టులో భరణం గెలిచింది. మరుసటి ఏడే గొడవలకు జడిసి ప్రభుత్వం కొత్త చట్టం చేసి ఆ గెలుపును కుదించింది. ఆ పెద్దల బుర్రలు అక్కడే ఆగిపోయాయి. 2001లో సుప్రీంకోర్టు ఆ కొత్త చట్టానికే అర్థం చెబుతూ, ఇద్దత్‌లోపు ఇవ్వాల్సిన ఏర్పాటు ఆమె ముందు జీవితానికంతటికీ సరిపోవాలంది. 2024 జులై 10న, తెలంగాణ నుంచి వెళ్ళిన కేసులో, విడాకులైన ముస్లిం స్త్రీ కూడా అందరిలాగే నెలనెలా భరణం అడగవచ్చని తేల్చేసింది. పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్‌లో 125 సెక్షన్, ఇప్పుడు దాని బదులు వచ్చిన నాగరిక్ సురక్షా సంహితలో 144. ఆవిడ తను ఉంటున్న ఊళ్ళోనే వేసుకోవచ్చు.

చట్టం ఇంత ఉన్నా మన జిల్లాల్లో ఎందుకు కదలదో చెప్పాలి. శ్రీకాకుళం, విజయనగరం జిల్లాల్లో మేం జనాభాలో ఒక శాతం కూడా లేం. హైదరాబాద్‌లో అయితే ఒక సంఘం కాకపోతే ఇంకొకటి. ఇక్కడ ఒక మసీదు, నాలుగు వీధులు, అందరూ చుట్టాలే. జమాత్ పెద్ద, అంటే మసీదు సంఘం పెద్ద, కష్టంలో ఉన్న ఆవిడ భర్తకు పెదనాన్న అవుతాడు. పోలీసు స్టేషన్‌కు వెళ్తే "మనవాళ్ళ పరువు బజార్న పెట్టింది" అంటారు. టీవీల్లో మా గురించి వచ్చే మాటలు విని విని భయపడ్డ జనం, ఆ భయాన్ని మోసే పని ఆడదానికి అప్పగించారు. కులం పరువైనా, కౌము, అంటే మా సమాజం, పరువైనా మోసేది ఆడదే.

ఒకసారి ఒక అమ్మాయి తరఫున జమాత్ పంచాయితీకి వెళ్ళాను. మసీదు ఆవరణలో కుర్చీలు వేశారు. నాకు చెప్పులు విడిచే చోట ఒక స్టూలు చూపించారు. ఆ అమ్మాయిని పిలవలేదు, ఆమె తండ్రే ఆమె మాట. నేను స్టూలు ఎత్తి ముందుకు తెచ్చుకుని కూర్చున్నాను. "ఖురాన్‌లో రాజీకి ఇటు నుంచి ఒకరు, అటు నుంచి ఒకరు ఉండాలని ఉంది. ఇక్కడ పదకొండు మంది ఉన్నారు, పదకొండు మందీ అటువైపే" అన్నాను. ఎవరూ మాట్లాడలేదు. చివరికి వయసులో అందరికన్నా పెద్దాయన, చూపు సరిగా ఆనదు, "పిల్లని పిలవండి" అన్నారు. ఆమె వచ్చి గోడవారగా నిలబడి, వణుకుతూనే ఆరేళ్ళ సంగతి చెప్పింది. ఆ రోజు నగలు తిరిగి వచ్చాయి. ఇప్పుడు పంచాయితీకి నన్ను ముందే పిలుస్తున్నారు. స్టూలు కాదు, కుర్చీ. నాకు స్త్రీవాదం అంటే ఆ "పిల్లని పిలవండి" అన్న మాటే. ఆ పదం నచ్చకపోతే వేరే పేరు పెట్టుకోమనండి.

2019 చట్టం గురించి ఒక చేదు నిజం కూడా చెప్పాలి. అది వచ్చాక నా దగ్గరికి వచ్చే కేసుల్లో మగవాళ్ళు తలాక్ అనడం మానేశారు. ఏమీ అనకుండా వదిలేస్తున్నారు. పుట్టింట్లో దించి, ఫోన్ తియ్యకుండా, ఏళ్ళకు ఏళ్ళు. తలాక్ అంటే జైలు, ఏమీ అనకపోతే ఏమీ లేదు. అలాంటి ఆవిడకు 1939 చట్టం ఉంది, గృహహింస చట్టం ఉంది, ఖులా ఉంది. ఖులా అంటే భార్య తనంతట తాను విడుదల కోరడం. భర్త ఒప్పుకోవాలి అని ఖాజీలు తిప్పిపంపేవారు. 2021లో కేరళ హైకోర్టు, 2025లో తెలంగాణ హైకోర్టు భర్త ఒప్పుకోలు అక్కర్లేదన్నాయి. అవి మన హైకోర్టును కట్టివెయ్యవు, కానీ వాదనకు మంచి బలం.

చివరగా మీ స్నేహితురాలి నికా. ఇస్లాంలో పెళ్ళి ఒక ఒప్పందం. ఒప్పందంలో షరతులు రాసుకోవచ్చు, ఈ సంగతి మనవాళ్ళు అమ్మాయిలకు చెప్పరు. మెహర్ వాళ్ళ తాహతుకు తగ్గట్టు గట్టిగా రాయించమనండి. వెంటనే ఇచ్చేదెంత, తర్వాత ఇచ్చేదెంత విడివిడిగా, అంకెల్లో, అక్షరాల్లో. బంగారం గ్రాముల్లో రాస్తే ఇంకా మేలు, రూపాయి విలువ పడిపోతుంది గానీ గ్రాము గ్రామే. చదువు పూర్తి చేస్తుంది, ఉద్యోగం చేస్తుంది అని రాయించాలి. అతను రెండో పెళ్ళి చేసుకుంటే ఈమె తనకు తానే తలాక్ తీసుకునే హక్కు ఈమెకు అప్పగిస్తున్నట్టు రాయించాలి. దాన్ని తఫ్వీజ్ అంటారు. కొత్త ఫ్యాషన్ కాదు, షరియత్‌లో పాతకాలం నుంచీ ఉన్నదే, మన కోర్టులు గుర్తించినదే. "అపశకునం మాటలు ఎందుకు" అని ఇంట్లో అంటారు. బండికి ఇన్సూరెన్స్ కట్టేది యాక్సిడెంట్ కోరుకుని కాదు కదా అని చెప్పమనండి. ఇచ్చిపుచ్చుకునే వస్తువుల జాబితా రాసి రెండువైపులా సంతకాలు తీసుకోవాలి. కబూల్, అంటే ఒప్పుకున్నాను, అనే ముందు ఆమె ఆ కాగితం తనే చదవాలి, సంతకం తన అక్షరాలతో పెట్టాలి, వేలిముద్ర కాదు. తర్వాత పెళ్ళి ప్రభుత్వ రిజిస్టర్‌లో కూడా నమోదు చేయించాలి.

అబ్బాయి ఒప్పుకోకపోతే? అప్పుడు పెళ్ళికి ముందే ఒక సంగతి తెలిసినట్టు. అబ్బాయితో ఆమె తనే మాట్లాడటం మంచిది. నా దగ్గరికి వచ్చిన జంటల్లో ఇలాంటి షరతులకు నవ్వుతూ ఒప్పుకున్న కుర్రాళ్ళు చాలామందే ఉన్నారు, అడ్డుపడింది ఎక్కువగా పెద్దలే.

ఖాజీ గారి దగ్గర ఖాళీ నికానామా కాపీ ఒకటి ముందే ఉంటుంది. రేపే అడిగి తెచ్చుకోమనండి. మీరిద్దరూ హాస్టల్లో కూర్చుని, మెహర్ దగ్గర, షరతుల దగ్గర పెన్సిల్‌తో రాసి చూసుకోండి. ఉర్దూలో ఉండి అర్థం కాకపోతే, పేర్లు మూసి ఫొటో తీసి ఇక్కడే పెట్టండి. నేను చదివి తెలుగులో రాసి పెడతాను.